కథకి ఇరవై ఫ్రాంకులు

తార్దివో గారు కథలు రాసేది
చాకలి పద్దు కాగితాల వెనక.
ముందువైపు: చొక్కాలు ఆరు, కాలర్లు పది, దుప్పటి ఒకటి.
వెనకవైపు: బ్యాంకు దొంగ ఒకడు
మఠంలో సన్యాసినిని ప్రేమిస్తాడు.
చాకలామె మదాం పెల్‌త్రాన్ ఒకసారి నిలదీసింది:
"నా దుప్పటి లెక్కలో ఈ శవం ఎవరిదండీ?"

అంతకుముందు ఆయన గ్యాస్ కంపెనీలో
మీటర్లు చూసే గుమాస్తా.
ప్యారిస్‌లో ఎక్కని మెట్లు లేవు.
తలుపు సందులోంచి కనబడ్డంత మటుకే చూసి
మిగతాది కల్పించుకోవడం
అక్కడే పట్టుబడిందట.

వాన్సెన్‌లో కంపెనీవాళ్లు
కథకి ఇరవై ఫ్రాంకులు ఇచ్చేవాళ్లు.
ఏడుపు ఉంటే ఇంకో అయిదు.
కుక్క ఉంటే మరో రెండు.
ఆ ఏడాది ఆయన కథలన్నిటా కుక్కలే,
అన్నీ ఏడ్చేవే.

నేను రంగులమ్మాయిని. పదిహేడేళ్లు.
పేరు జెలీ.
అరవై మందిమి వరసగా బల్లల ముందు,
మూడు వెంట్రుకల కుంచె, గోరంత బొమ్మ.
నా వంతు ఎరుపు.
మంటలైనా, పెదవులైనా, బిషప్ అంగీ అయినా
నాకు ఒకటే గిన్నె.
ఆయన నా భుజం మీంచి వంగి చూసి
"అమ్మాయ్, కత్తి ఇంకా దిగలేదు,
నెత్తురు అప్పుడే వచ్చేసిందే" అన్నాడు.
ఒక్క బొమ్మ తేడా. రెప్పపాటు కూడా కాదు.
తిట్టాడు. తిట్టి, తన రొట్టెలో సగం తుంచి పెట్టాడు.

తర్వాత భార్య పియానో కుదువపెట్టి
మార్న్ నది ఒడ్డున గాజు కొట్టం కట్టాడు.
ఇక నిర్మాత ఆయనే, రచయితా ఆయనే,
మేకులు కొట్టేదీ, మేకని తోలుకొచ్చేదీ ఆయనే.
జూలైలో లోపల జిగురు కరిగి
సేనాపతుల మీసాలు గడ్డాల్లోకి జారేవి.
ఒకనాడు వడగళ్లు.
కప్పు పగిలి నెత్తిన పడుతుంటే
కిరీటంతో సహా రాజు బల్లకింద దూరాడు.
"తిప్పు, తిప్పు, ఆపకు!" అని ఈయన కేక.
ఆ రాత్రికి రాత్రే
వీరుడి కథ పిరికివాడి కథ అయింది.
జనం విరగబడి చూశారు.

శవం వేషానికి మనిషి రాకపోతే తనే పడుకునేవాడు.
అప్పులవాడు వచ్చిన రోజున
షూటింగు అయిపోయినా లేవలేదు.
మేమందరం టోపీలు తీసి నిలబడ్డాం.
పాపం, అప్పులవాడు పువ్వులు పంపాడు.

పద్నాలుగు ఆగస్టులో
కెమెరా తిప్పే గాస్పార్, వడ్రంగులు, రాజు,
ఒకే రైలెక్కారు.
రాజు ఒక్కడు తిరిగొచ్చాడు,
చెయ్యి లేకుండా.
వాడి కోసం ఒంటిచేతి కథలు నాలుగు రాశాడు.
కొనేవాళ్లు లేరు.

తర్వాత అట్టల మీద మాటలు రాశాడు.
"ఏళ్లు గడిచాయి" అన్న రెండు మాటలకి
ఒక మధ్యాహ్నమంతా పట్టేది ఆయనకి.
"గడిచాయి అంటే ఎలా గడిచాయో తెలియాలి కదా, జెలీ."
చివరికి బొమ్మకి గొంతు వచ్చింది,
మాటలు రాసేవాడి పని పోయింది.

రీళ్లన్నీ తూకానికి కొన్నాడు ఒయొనా వర్తకుడు.
అక్కడ వాటిని కరిగించి దువ్వెనలు పోస్తారు.
నేనూ ఒకటి కొన్నాను, తేనెరంగుది.
చీర్ల ఉన్ని మీద గట్టిగా రుద్దితే
కర్పూరం వాసన.
ఏ రాజో, ఏ కుక్కో, నా ఎరుపెంతో
అందులో ఏం తెలుస్తుంది?
తల దువ్వుకుంటాను, అంతే.

ఆయన నొజాన్‌లో ఒక సినిమా హాలు గుమ్మంలో
టికెట్లు చింపుతూ పోయాడు.
జేబులో దొరికిన కాగితం నాకిచ్చారు.
వెనకవైపు పెన్సిలుతో:
"సన్యాసిని తలుపు తీస్తుంది. బయట"
అక్కడికి ఆగింది.
ముందువైపు మదాం పెల్‌త్రాన్ దస్తూరి:
చొక్కాలు రెండు. కాలర్లు లేవు.
దుప్పటి ఒకటి, ఇంకా ఇవ్వాలి.